బంతుల్లేక ఆగిపోయిన లీగు: ఫారో దీవుల ఫుట్‌బాల్ విశేషాలు

ఉత్తర అట్లాంటిక్‌లో స్కాట్లాండ్, ఐస్‌లాండ్, నార్వేల నడుమ 18 దీవుల చిన్న గుంపు ఉంది. పేరు ఫారో దీవులు. డెన్మార్క్ రాజ్యంలో భాగమే అయినా పార్లమెంటు, జెండా, భాష అన్నీ వేరే. అన్ని దీవుల్లోని జనాన్నీ కలిపి లెక్కేస్తే 54 వేలకు కాస్త అటూ ఇటూ. మన దగ్గర ఒక మండలంలో ఉండేంత మంది. ఆ కాస్త జనం పది జట్లతో ఒక జాతీయ లీగు నడుపుకుంటున్నారు. దాని కింద ఇంకా కొన్ని డివిజన్లు కూడా ఉన్నాయి. 1942లో మొదలైన ఈ పోటీ ఒకే ఒక్క ఏడాది తప్ప ఎన్నడూ ఆగలేదు.

ఆ ఒక్క ఏడాది కథతోనే మొదలుపెడదాం.

1944లో ఛాంపియన్ ఎవరు?

ఎవరూ కాదు. ఆ ఏడు లీగు జరగలేదు. కారణం బాంబులు కాదు, తుపాను కాదు. ఆడటానికి బంతుల్లేవు.

1940 ఏప్రిల్‌లో జర్మనీ డెన్మార్క్‌ను పట్టుకోగానే, ఫారో దీవులు కూడా హిట్లర్ చేతికి చిక్కుతాయేమోనని బ్రిటన్ తన సైన్యాన్ని దింపింది. దీవుల్లో అప్పుడున్న జనం 30 వేలకు అటూ ఇటూ. వాళ్ళ మధ్యకు వేల మంది సైనికులు వచ్చి పడ్డారు. ఈ రోజుకీ ఫారో దీవులకున్న ఏకైక విమానాశ్రయం, వాగర్ దీవిలోది, ఆ సైనికులు కట్టిందే. సరిగ్గా ఈ ఆక్రమణ కాలంలోనే, 1942లో, దేశవ్యాప్త ఛాంపియన్‌షిప్ మొదలైంది. మొదటి కప్పు క్లాక్స్‌విక్ పట్టణానికి చెందిన కేఐ జట్టుది. మరుసటి ఏడు త్వోరోయ్రి ఊరి టీబీ గెలిచింది. మూడో ఏడు వచ్చేసరికి యుద్ధం వల్ల సరుకుల రాక తగ్గి బంతులు దొరకలేదు. 1945లో లీగు మళ్ళీ మొదలైంది, మళ్ళీ కేఐ గెలిచింది.

యుద్ధం వల్ల పోటీలు ఆగిన దేశాలు చాలానే ఉన్నాయి. యుద్ధం నడుమ పోటీ మొదలుపెట్టి, బంతి కరువై ఆపినవాళ్ళు మాత్రం నాకు తెలిసి వీళ్ళే.

లీగు కంటే క్లబ్బులు పెద్దవి

త్వోరోయ్రి జట్టు టీబీ 1892లో పుట్టింది. అంటే లీగు కంటే యాభై ఏళ్ళు పెద్దది. రాజధాని తోర్స్‌హావ్న్‌కు చెందిన హెచ్‌బీ, క్లాక్స్‌విక్‌కు చెందిన కేఐ రెండూ 1904లో పుట్టాయి. టైటిళ్ళ లెక్కలో ముందున్నవి కూడా ఆ రెండే. హెచ్‌బీకి 24 ఉన్నాయి, కేఐ కూడా ఇరవై దాటేసింది. విచిత్రం ఏమిటంటే, అందరికంటే ఎక్కువ టైటిళ్ళున్న హెచ్‌బీ మొదటి టైటిల్ కోసం 1955 దాకా ఆగాల్సి వచ్చింది.

కొన్ని క్లబ్బుల పేర్లు చూస్తే విటమిన్ మాత్రల సీసాలు గుర్తొస్తాయి: బీ36, బీ68, బీ71. ఆ అంకెలు సంవత్సరాలను సూచిస్తాయి. బీ36 పుట్టింది 1936లో. వాగర్ దీవి వాళ్ళు 2007లో కొత్త క్లబ్బు పెట్టుకున్నప్పుడు అంకెను ముందుకు తెచ్చి 07 వెస్తుర్ అన్నారు.

పచ్చిక లేని దేశం

ఫారో దీవుల ఫొటోలు చూసినవాళ్ళకు మొదట కనిపించేది పచ్చదనమే. కొండల మీదా ఇళ్ళ కప్పుల మీదా కూడా గడ్డే. కానీ దశాబ్దాల తరబడి అక్కడి ఆటగాళ్ళు ఆడింది కంకర నేల మీద. కొండవాలులో చదునైన జాగా దొరకడమే కష్టం. దొరికినా ఎడతెగని వానకు గడ్డి మైదానం బురదమడి అవుతుంది. అందుకని నేలను చదును చేసి ఇసుక, కంకర పరిచేవారు. పడితే మోకాలి చిప్ప గీరుకుపోవాల్సిందే. తర్వాత కృత్రిమ పచ్చిక వచ్చాక ఊరూరా అదే పరిచారు. ఈ దేశపు ఆటను మార్చిన వస్తువు ఒకటి చెప్పమంటే నేను కప్పులూ కోచ్‌లూ వదిలేసి ఈ ప్లాస్టిక్ గడ్డి పేరే చెబుతాను.

టోఫ్తిర్ అనే ఊళ్ళో స్వాంగస్కార్డ్ మైదానం ఉంది. కొండను తొలిచి కట్టారు. ఊరి జనాభా వెయ్యి లోపు. స్టేడియంలో మాత్రం ఊరి జనానికి కొన్ని రెట్ల మంది పడతారు. అంతర్జాతీయ పోటీలకు తగిన పచ్చిక మొదట వచ్చింది ఇక్కడే. రాజధానిలో తోర్స్‌వోట్లుర్ స్టేడియం 1999లో వచ్చేదాకా దేశపు అంతర్జాతీయ ఆటలకు ఈ పల్లెటూరే ప్రధాన వేదిక.

ఐయి అనే ఇంకో ఊరి మైదానం మరీ చిత్రం. ఒక పక్క అట్లాంటిక్, ఇంకో పక్క మంచినీటి చెరువు, నడుమ సన్నటి నేల మీద మైదానం. గట్టిగా తన్నితే బంతి ఉప్పునీళ్ళలోనో మంచినీళ్ళలోనో తేలాల్సిందే. ఇప్పుడక్కడ లీగు ఆటలు లేవు. మైదానాన్ని పర్యాటకులు కారవాన్లు నిలుపుకునే చోటుగా మార్చేశారు.

వంతెన కలిపిన జట్టు

ఐయి వాళ్ళు ఆట ఎందుకు మానుకున్నారంటే, మానుకోలేదు, వియ్యమందారు. ఐయి ఉన్నది ఎస్తురోయ్ దీవిలో. సన్నటి జలసంధికి అవతల, స్ట్రేమోయ్ దీవిలో, స్ట్రేముర్ అనే ఇంకో క్లబ్బు ఉండేది. రెండు దీవుల మధ్య 1973లో వంతెన పడింది. దానికి వాళ్ళు పెట్టుకున్న ముద్దు పేరు 'అట్లాంటిక్ మీద వంతెన'. ఇరవై ఏళ్ళకు, 1993లో, రెండు క్లబ్బులూ కలిసి ఈబీ/స్ట్రేముర్ అయ్యాయి. పేరు మధ్యలో గీత ఉండిపోయింది. ఆ గీతలో రెండూళ్ళ పౌరుషమూ ఉంది. మాలో కలిసిపోయారని ఇవతలివాళ్ళు అనడానికి లేదు, మేమే మిగిలామని అవతలివాళ్ళు అనడానికీ లేదు. ఆ గీత జట్టు 2008లోనూ 2012లోనూ దేశపు ఛాంపియన్ అయింది.

గోటా ఊరి జీఐ కథ ఇంకా గట్టిది. 1993 నుంచి 1996 వరకు వరసగా నాలుగేళ్ళు టైటిల్ వాళ్ళదే. అంత పేరున్న క్లబ్బు కూడా 2008లో పక్క ఊరు లైర్విక్ క్లబ్బుతో కలిసి వైకింగుర్ అనే కొత్త పేరు పెట్టుకుంది. ఈ కలయిక బాగా కుదిరింది. వైకింగుర్ 2016, 2017ల్లో వరసగా ఛాంపియన్.

అన్ని పెళ్ళిళ్ళూ ఇలా నిలవవు. దక్షిణాన సూదురోయ్ దీవిలో టీబీ, ఎఫ్‌సీ సూదురోయ్, రోయిన్ అని మూడు క్లబ్బులు. విడివిడిగా ఉంటే ఎవరికీ బలం లేదని 2017 సీజన్‌కు ముందు ఒక్కటయ్యాయి. మూడు పేర్లనూ గీతలతో కలిపి ఒక పొడుగాటి పేరు కూడా కుదిరింది. కానీ 2019 సీజన్ వచ్చేసరికి టీబీ మళ్ళీ తన పాత పేరుతో ఒంటరిగా మైదానంలోకి దిగింది. 1892 నాటి పేరును వదులుకోమంటే ఎవరు మాత్రం వదులుకుంటారు?

ఈ లీగులో మిగతావన్నీ ఊరి తర్వాతే. పెద్ద దేశాల్లో క్లబ్బును ఎంచుకుంటారు. ఇక్కడ పుట్టిన ఊరే క్లబ్బును నిర్ణయిస్తుంది. రాజధానిలో మాత్రం చిన్న వెసులుబాటు ఉంది. హెచ్‌బీ, బీ36 రెండూ ఒకే గుండదాలుర్ లోయలో పక్కపక్కనే ఆడతాయి కాబట్టి ఎవరి పక్షమో ఇంట్లోనే తేల్చుకోవాలి.

సముద్రం కింద రౌండబౌట్

బయటి ఊరికి వెళ్ళి ఆడటమంటే ఒకప్పుడు పడవ ప్రయాణమే. సూదురోయ్‌కు ఈనాటికీ అంతే. స్మిరిల్ అనే ఓడలో రెండు గంటలు. ఈదురుగాలి ముదిరితే ఓడ కదలదు, ఆట వాయిదా పడుతుంది.

మిగతా పెద్ద దీవులను సొరంగాలు కలిపేశాయి. క్లాక్స్‌విక్‌కు 2006లో సముద్రగర్భ సొరంగం వచ్చింది. 2020 డిసెంబరులో తెరిచిన ఎస్తురోయ్ సొరంగం పొడవు 11 కిలోమీటర్లు. దాని నడుమ, సముద్రం అడుగున, ఒక రౌండబౌట్ ఉంది. అదీ మామూలు రౌండబౌట్ కాదు, చుట్టూ శిల్పాలూ రంగురంగుల దీపాలూ. తోర్స్‌హావ్న్ నుంచి రూనవిక్‌కు గంట దాటే ప్రయాణం పావుగంటకు దిగింది. 2023 డిసెంబరులో సాండోయ్ దీవికీ సొరంగం పడింది. అభిమానులు ఇప్పుడు భోజనం ముగించుకుని బయల్దేరి, పక్క దీవిలో ఆట చూసి, చీకటి పడేలోపు ఇల్లు చేరుతున్నారు. అక్కడ వేసవిలో చీకటి పడదనుకోండి, అది వేరే సంగతి.

చిన్నూళ్ళకూ ఒక రోజు

సాండోయ్ దీవి మొత్తానికీ జనం 1,200 పైచిలుకు. ఆ దీవి జట్టు బీ71 1989లో దేశపు ఛాంపియన్. టోఫ్తిర్ ఊరి బీ68 మూడుసార్లు గెలిచింది: 1984, 1985, 1992. ఫుగ్లాఫియోర్డుర్ ఊరి ఐఎఫ్ 1979లో, వాగుర్ ఊరి వీబీ 2000లో ఒక్కొక్కసారి గెలిచాయి. రూనవిక్ జట్టు ఎన్‌ఎస్‌ఐ వంతు 2007లో వచ్చింది.

లీగు పేరేమిటి?

ఏ ఏడాది అడుగుతున్నారన్న దాన్ని బట్టి ఉంటుంది. 2005 నుంచి ఫార్ములాదైల్దిన్. తర్వాత వోడాఫోన్‌దైల్దిన్. 2012 నుంచి పెట్రోలు బంకుల కంపెనీ పేరుతో ఎఫోదైల్దిన్. 2018 నుంచి బ్యాంకు పేరుతో బేత్రి దైల్దిన్. సెల్లు, పెట్రోలు, బ్యాంకు... దేశంలో ఏ వ్యాపారం ఎప్పుడు ఊపు మీదుందో తెలుసుకోవాలంటే లీగు పేర్లు వరసగా చదివితే చాలు.

ఆట కాలం మార్చి నుంచి అక్టోబరు వరకు. పది జట్లు, ఒక్కోటీ మిగతావాటితో మూడేసిసార్లు, మొత్తం 27 ఆటలు. కింది డివిజన్‌లో పెద్ద క్లబ్బుల రెండో జట్లు కూడా ఆడతాయి. అవి అక్కడ మొదటి స్థానంలో నిలిచినా పైకి రావడానికి వీల్లేదు. అన్నయ్య పైన ఆడుతుంటే తమ్ముడు కిందే ఉండాలి.

టోపీ పెట్టుకున్న గోల్‌కీపర్

1990 సెప్టెంబరు 12. ఫారో దీవులకు ఫిఫాలో చేరి రెండేళ్ళు, ఐరోపా సంఘం యూఫాలో చేరి కొన్ని నెలలు. జీవితంలో మొదటి అధికారిక పోటీ, యూరో కప్పు అర్హత ఆట, ఆస్ట్రియాతో. ఆ వేసవిలోనే ప్రపంచ కప్పు ఆడొచ్చిన జట్టు ఆస్ట్రియా. ఫారోలో పచ్చిక మైదానం లేకపోవడంతో 'సొంత' ఆటను స్వీడన్‌లోని లాండ్స్‌క్రోనాలో ఆడాల్సి వచ్చింది.

ఫారో 1–0తో గెలిచింది. గోల్ కొట్టిన టోర్కిల్ నీల్సన్ కలప అమ్మే ఉద్యోగి. గోల్‌కీపర్ యెన్స్ మార్టిన్ క్నూడ్సన్ చేపల ఫ్యాక్టరీలో ఫోర్క్‌లిఫ్ట్ నడిపేవాడు. చిన్నప్పుడు తలకు దెబ్బ తగిలిన దగ్గర్నుంచి కుచ్చున్న తెల్ల ఉన్ని టోపీ పెట్టుకుని ఆడటం అతనికి అలవాటు. మరుసటి రోజు ఐరోపా పత్రికలన్నిటిలోనూ ఆ టోపీయే. ఇద్దరూ దేశవాళీ లీగులో, పక్క ఊళ్ళ జట్ల మీద, కంకర నేల మీద ఆడి పెరిగినవాళ్ళు.

2002లో స్కాట్లాండ్ టోఫ్తిర్‌కు వచ్చింది. మొదటి పన్నెండు నిమిషాల్లోపే బీ36 ఆటగాడు జాన్ పీటర్సన్ రెండు గోల్స్ కొట్టేశాడు. ఆయన వృత్తి బడిపంతులు. చివరికి స్కాట్లాండ్ కిందామీదా పడి 2–2తో బయటపడింది.

మాంచెస్టర్ సిటీతో గీత జట్టు

2008 జులైలో ఈబీ/స్ట్రేముర్‌కు యూఫా కప్పులో ప్రత్యర్థిగా మాంచెస్టర్ సిటీ తగిలింది. మైదానంలో మర్యాదగా ఆడిన దేశాలకు ఇచ్చే ఫెయిర్ ప్లే కోటాలో సిటీకి ఆ పోటీలో చోటు దక్కింది. మొదటి ఆట తోర్స్‌హావ్న్‌లో, కొత్త మేనేజర్ మార్క్ హ్యూజ్‌కు అదే తొలి పరీక్ష. సిటీ 2–0తో గెలిచింది.

రెండో ఆట మాంచెస్టర్‌లో జరగాలి. జరగలేదు. సిటీ మైదానంలో బాన్ జోవి రాక్ బృందం కచేరీ పెట్టుకుంది, ఆ తొక్కుడుకు పాడైన పచ్చిక స్థానంలో కొత్తది పరుస్తున్నారు. దాంతో బార్న్‌స్లీ క్లబ్బు మైదానం అద్దెకు తీసుకుని ఆడారు. మళ్ళీ 2–0. ఇంకో నెల తిరగగానే సిటీని అబుదాబీ రాజవంశీకుడు కొన్నాడు, ఆ తర్వాతి కథ లోకానికంతా తెలుసు. అబుదాబీ డబ్బు రాకముందు సిటీ ఐరోపా పోటీల్లో తలపడిన చివరి కొద్ది జట్లలో ఐయి, స్ట్రేముర్‌ల గీత జట్టు ఒకటి.

కోవిడ్ వేసవి

2020 మేలో ఐరోపా అంతా తలుపులు బిగించుకుని ఉంది. ఫారో దీవుల్లో వైరస్ త్వరగా అదుపులోకి వచ్చింది. సాల్మన్ చేపల జబ్బులు పరీక్షించే ల్యాబ్‌నే మనుషుల పరీక్షలకు మార్చుకోవడం అందుకు బాగా ఉపకరించింది. మే 9న లీగు మొదలైంది. చూడటానికి ఇంకే ఆటా లేని నార్వేలో టీవీ 2 ఛానల్ ఈ ఆటల ప్రసార హక్కులు కొనేసింది. అంతవరకూ ఊరివాళ్ళు గట్టు మీద నిలబడి చూసే ఆటను ఒక దేశం మొత్తం సోఫాల్లో కూర్చుని చూసింది.

అదే ఏడు ఆగస్టులో ఇంకో వింత. ఛాంపియన్స్ లీగ్ అర్హత ఆటకు స్లొవాకియా ఛాంపియన్ స్లోవాన్ బ్రాటిస్లావా క్లాక్స్‌విక్ మీదికి బయల్దేరింది. దిగగానే పరీక్షల్లో పాజిటివ్ తేలి జట్టంతా క్వారంటైన్‌లోకి వెళ్ళింది. సరే, ఇంకో జట్టును విమానంలో పంపారు. వాళ్ళలోనూ పాజిటివ్. చివరికి బంతి కదలకుండానే కేఐకి 3–0 విజయం రాసిచ్చేశారు. ఊరికే దక్కిన గెలుపేనని నవ్వినవాళ్ళు ఉన్నారు. అయితే ఆ సెప్టెంబరులోనే కేఐ జార్జియాకు చెందిన దినమో త్బిలిసి జట్టును మైదానంలో 6–1తో ఓడించింది. అది మాత్రం ఎవరూ రాసిచ్చింది కాదు.

2023, క్లాక్స్‌విక్ ఏడాది

క్లాక్స్‌విక్ అయిదు వేల జనమున్న చేపల రేవు. అక్కడి కేఐ 1999లో లీగు గెలిచాక మళ్ళీ గెలవడానికి 2019 దాకా ఇరవై ఏళ్ళు పట్టింది. ఒక్కసారి తలుపు తెరుచుకున్నాక జోరు పెరిగింది. 2021, 2022, 2023 మూడూ వాళ్ళవే.

2023 జులైలో ఛాంపియన్స్ లీగ్ మొదటి దశలో హంగరీ దిగ్గజం ఫెరెంత్స్‌వారోష్ ఎదురైంది. సొంతూళ్ళో 0–0. బుడాపెస్ట్‌లో లాంఛనం అనుకున్న రెండో ఆటలో కేఐ 3–0తో గెలిచింది. తర్వాత స్వీడన్ ఛాంపియన్ హేకెన్. రెండు ఆటల తర్వాత కూడా సమం, పెనాల్టీల్లో కేఐ. ఆపైన నార్వే ఛాంపియన్ మోల్డే. ఇంటిదగ్గర 2–1 గెలుపు, అక్కడికి వెళ్ళాక అదనపు సమయంలో ఓటమి. యూరోపా లీగ్ చివరి గడపలో మోల్డోవా జట్టు షెరీఫ్ చేతిలోనూ ఒక్క గోల్ తేడాతో ఓటమి. అయినా కాన్ఫరెన్స్ లీగ్ గ్రూపు దశలో చోటు దక్కింది. ఫారో క్లబ్బు ఒకటి ఐరోపా పోటీల గ్రూపు దశకు చేరడం అదే మొదలు.

గ్రూపులో ఎవరెవరున్నారో చూడండి. అంతకు రెండేళ్ళ ముందు ఫ్రాన్స్ ఛాంపియన్ అయిన లీల్. స్లొవేనియా నుంచి ఒలింపియా లుబ్లియానా. ఇంకొకరు ఎవరనుకున్నారు? కోవిడ్ పుణ్యాన ఆడకుండా ఓడిపోయిన ఆ స్లోవాన్ బ్రాటిస్లావాయే! ఈసారి వాళ్ళు ఆరోగ్యంగానే దిగారు.

క్లాక్స్‌విక్ మైదానం గ్రూపు ఆటలకు చాలదు కాబట్టి కేఐ తన ఆటలు రాజధానిలో ఆడింది. అక్టోబరులో లీల్ తోర్స్‌హావ్న్ వచ్చి గోల్ కొట్టలేక 0–0తో వెనుదిరిగింది. ఆ నెలాఖరులో ఒలింపియాను కేఐ 3–0తో ఓడించింది. మొత్తం నాలుగు పాయింట్లు.

కోచ్‌ల పాలిటి దీవులు

ఫారో మీద ఓడినవాళ్ళకు పదవీగండం తప్పదన్న మాట ఊరికే పుట్టలేదు. 1990లో లాండ్స్‌క్రోనా ఆట ముగిశాక ఆస్ట్రియా కోచ్ యోసెఫ్ హికర్స్‌బెర్గర్ పదవి పోయింది. 2014 నవంబరులో గ్రీసును దాని సొంత గడ్డ మీదే ఫారో 1–0తో ఓడించింది, మర్నాడే కోచ్ క్లాడియో రానియేరీని తీసేశారు. (రెండేళ్ళు తిరక్కుండానే ఆయన లెస్టర్‌ను ఇంగ్లండ్ ఛాంపియన్‌ను చేశాడు. కాబట్టి ఫారో చేతి దెబ్బ కొందరికి కలిసొస్తుందని కూడా రాసుకోవచ్చు.) 2023లో క్లాక్స్‌విక్ చేతిలో దెబ్బతిన్న ఫెరెంత్స్‌వారోష్, కోచ్ స్తానిస్లావ్ చెర్చెసోవ్‌ను ఇంటికి పంపింది. ఆయన 2018 ప్రపంచ కప్పులో రష్యాను క్వార్టర్ ఫైనల్ దాకా తీసుకెళ్ళిన మనిషి. 2025 అక్టోబరులో చెక్ రిపబ్లిక్ తోర్స్‌హావ్న్‌లో 2–1తో ఓడింది. కోచ్ ఇవాన్ హాషెక్‌కు ఆ వారంలోనే ఉద్వాసన పలికారు.